ఆయనకి చెప్పు

నార్వేలో, సముద్రం మీద, నేనూ మా తోడల్లుడూ ఒక సముద్రపు జంతువుతో, సీల్‌తో మాట్లాడాం. ఎవరి మాట వాళ్లం విడిగా. అది తల నీళ్లపైకి పెట్టి ఇద్దరి మాటా విన్నది. ఇది ఎందుకు జరిగిందో చెప్పాలంటే ముందు అమీర్‌పేటలో ఒక ఏసీ సంగతి చెప్పాలి.

మేమిద్దరం అక్కాచెల్లెళ్లని చేసుకున్నాం. ఆయన అక్కని, నేను చెల్లెల్ని. వాళ్లది ఖమ్మం, ఖమ్మం వాళ్లకి రెండు వైపులా చుట్టాలే. ఆయనది నల్లగొండ వైపు, వ్యవసాయం ఇంట పుట్టి మాసబ్ ట్యాంక్‌లో సర్కారు ఉద్యోగంలో కుదురుకున్నాడు. నాది గుంటూరు వైపు. అమీర్‌పేటలో కోచింగ్ సెంటర్ల సందులో జిరాక్స్ షాపు పెట్టుకున్నాను. ఊరంతా సాఫ్ట్‌వేర్ నేర్చుకుంటున్న రోజులు. జావా నోట్సు, ఒరాకిల్ నోట్సు పొద్దుటి నుంచి రాత్రి దాకా తీస్తూనే ఉండేవాణ్ణి. అందులో ఒక్క ముక్క నాకు అర్థం కాలేదు, అర్థం చేసుకోమని నన్నెవరూ అడగనూ లేదు.

ఆయన భాషలో నేను షడ్డకుణ్ణి, నా భాషలో ఆయన తోడల్లుడు. నేను "అన్నయ్యగారూ" అనేవాణ్ణి, ఆయన నన్ను "తమ్మీ" అనేవాడు. ఒకే అపార్ట్‌మెంట్‌లో ఆయన ఫ్లాటు పైన, మాది సరిగ్గా దాని కింద. ఇలా కొనుక్కోవడం మంచి ఆలోచన అని అప్పట్లో నలుగురమూ అనుకున్నాం.

ఒక ఎండాకాలం ఆయన బెడ్‌రూమ్‌కి ఏసీ పెట్టించాడు. దాని నీళ్లు బయటికి పోవడానికి పైపు పెట్టించలేదు. ఆ నీళ్లు మా బాల్కనీలో, చాప మీద ఎండబెట్టిన మాగాయ ముక్కల మీద పడ్డాయి. పైకెళ్లి మర్యాదగానే చెప్పాను, కాస్త పైపు పెట్టించండని.

"పెట్టిస్త తియ్యి," అన్నాడు. "రెండు చుక్కలకు గింత లొల్లా?"

రెండు చుక్కలట. చాప మొత్తం తడిసి ముద్దయింది. నేనొక మాటన్నాను. ఆయనొక మాటన్నాడు. ఏసీ వాడటం చేతకానివాళ్లు పెట్టించుకోకూడదని నేనన్నాను. నీళ్లు పడితే నాని చచ్చిపోవడానికి నువ్వేం మామిడి ముక్కవా అని ఆయనడిగాడు. అంతే, మాటలు మానేశాం. మా గొడవ రాష్ట్రం గురించని అపార్ట్‌మెంట్‌లో కొందరనుకున్నారు. వాళ్లతో వాదించే ఓపిక లేక అవునన్నాను.

మాటలు మానెయ్యడమంటే నోరు మూసుకోవడం అనుకునేరు. కాదు. ఎదురుగా ఉన్న మనిషిని వదిలేసి పక్కమనిషికి చెప్పడం. లిఫ్టులో ఇద్దరమే దొరికిపోతే వాచ్‌మన్‌ని పిలిచి మరీ "ఆయనకి చెప్పు, తలుపు సరిగ్గా వెయ్యమని" అనేవాణ్ణి. వాచ్‌మన్ ఆయన వైపు తిరిగి "సార్, తలుపు" అనేవాడు. "ఏసిన అని చెప్పు," అనేవాడాయన. ఏడాది ఇలాగే గడిచింది. వాచ్‌మన్ జీతం పెంచమని అడిగితే ఇద్దరం ఒప్పుకున్నాం. ఆ ఏడాదిలో మేం ఏకాభిప్రాయానికి వచ్చింది అదొక్క విషయంలోనే.

ఇక పిల్ల. ఆయనకొక్కతే కూతురు. మాకు పిల్లల్లేరు. ఆ ముక్క అంతవరకే. ఆ పిల్ల నా స్కూటర్ ముందు నిలబడి బడికి వెళ్లింది, వెనక కూర్చుని కోచింగ్‌కి వెళ్లింది, తర్వాత నన్ను వెనక కూర్చోబెట్టుకుని పంజాగుట్ట సర్కిల్‌లో బండి నడిపి నా ప్రాణం తీసింది. బాబాయ్, బాబాయ్ అంటూ రోజుకోసారైనా షాపుకి వచ్చేది. సాఫ్ట్‌వేర్‌లో ఉద్యోగం వచ్చింది. పెళ్లి కుదిరింది. శ్రావణంలో ముహూర్తం పెట్టారు.

జ్యేష్ఠంలోనే ఆయన కార్డులు పంచడం మొదలెట్టాడు. అపార్ట్‌మెంట్‌లో ప్రతి ఫ్లాటుకీ ఇచ్చాడు. వాచ్‌మన్‌కి ఇచ్చాడు. ఇస్త్రీ బండి అతనికి ఇచ్చాడు. నా షాపు పక్కన టీ కొట్టు భాయ్‌కి ఇచ్చి, నా షాపు ముందు నుంచే నడిచి వెళ్లిపోయాడు. మాకు కార్డూ లేదు, పిలుపూ లేదు. నోటితో పిలవని పెళ్లికి వెళ్లనని మా ఆవిడకి చెప్పేశాను. "మా అక్క కూతురు పెళ్లికి నన్నొకరు పిలవాలా, నేను వెళ్తా," అంది. వెళ్లమన్నాను. ఆ రోజు నేను షాపు తీస్తాను అన్నాను. అన్నానే గానీ, ఆ రోజు ఆ షట్టర్ ఎలా ఎత్తుతానో నాకే తెలియలేదు. మా పిల్ల పెళ్లి నేను చూడకుండా జరిగిపోతుందని తలుచుకుంటే అన్నం దిగేది కాదు.

ఇదంతా తెలిసే ఆ పిల్ల తన జీతంతో మా నలుగురికీ నార్వే టూర్ బుక్ చేసింది. పెళ్లికి ముందు పెద్దవాళ్లకి తన కానుకట. మగవాళ్లిద్దరూ రాకపోతే ఎవరికీ లేదంది. ట్రావెల్స్ ఆఫీసు సోమాజిగూడలో. సంతకాలకి రమ్మన్నారు. పంజాగుట్ట సిగ్నల్ దగ్గర నా స్కూటరూ ఆయన స్కూటరూ పక్కపక్కన ఆగాయి. రెండు నిమిషాలు ఇద్దరం ఎర్ర లైటుని శ్రద్ధగా చూశాం.

టూర్‌లో ఒక రోజు ప్రత్యేకం: గైడుతో కలిసి పొద్దున సముద్రంలో కయాక్ అనే సన్నటి పడవ నడపాలి, మధ్యాహ్నం హిమానీనదం ఎక్కాలి. కయాక్‌లో ఇద్దరు కూర్చుని తెడ్లు వెయ్యాలి. ఆయన ముందే సాధన మొదలెట్టాడు. దివాన్ మంచం మీద కాళ్లు చాపుకుని, బూజుకర్రతో. పైనుంచి "ఒకటి, రెండు, ఒకటి, రెండు" అని వినిపించేది. నేను అలాంటివేం చెయ్యలేదు. చీపురుతో రెండు మూడుసార్లు చూశాను, అంతే.

ఆ రోజు రానే వచ్చింది. కొండల మధ్యకి సముద్రం చొచ్చుకొచ్చిన చోటు. నీళ్లు నల్లగా, కదలకుండా ఉన్నాయి. గైడు ఆడపిల్ల, మా పిల్ల ఈడుదే. పడవలోకి నీళ్లు రాకుండా మా నడుముకి లంగాలాంటిది ఒకటి కట్టింది. మా ఆవిడా వాళ్ల అక్కా అది చూసి కూర్చుని మరీ నవ్వారు. గైడు మమ్మల్ని బరువుల ప్రకారం విడగొట్టింది. ఆడవాళ్లిద్దరూ ఒక పడవ. మేమిద్దరం ఒక పడవ. నేను ముందు, ఆయన వెనక. ముందువాడు తెడ్డు లయ పెట్టాలి, వెనకవాడి కాళ్ల కింద చుక్కాని ఉంటుంది. ఒకరితో ఒకరు మాట్లాడుకుంటూ ఉండడమే ముఖ్యం అని చెప్పింది. మా ఆవిడ అటు తిరిగి కొండల్ని చూసింది.

కాసేపటికి ఆయన ఇంగ్లీషులో గైడుతో అన్నాడు, ముందున్నాయన్ని తెడ్డు మెల్లగా వెయ్యమని చెప్పమని. నేను గైడుతో అన్నాను, వెనకాయన్ని లెక్క తప్పకుండా వెయ్యమని చెప్పమని. ఆ పిల్ల ఇద్దరినీ చూసి, "మీకు ఒకరి మాట ఒకరికి వినిపిస్తోందా?" అనడిగింది.

"బాగా వినిపిస్తోంది," అన్నాను.

ఈలోగా ఆడవాళ్ల పడవ ఉన్నచోటే గుండ్రంగా తిరగడం మొదలెట్టింది. గైడు తన పడవలో అటు వెళ్లిపోయింది. నీళ్ల మీద మేమిద్దరమే మిగిలాం. మధ్యలో చెప్పడానికి మనిషన్నవాడు లేడు. సరిగ్గా అప్పుడే పక్కనే నీళ్లలోంచి ఒక సీల్ తల పైకి లేచింది. గుండ్రటి తల, తడి మీసాలు, రిటైరైన హెడ్మాస్టరులా ఉంది.

వెనక నుంచి ఆయన గొంతు సవరించుకున్నాడు. "ఇగో, గీ ముంగట కూసున్నాయనకు చెప్పు. అటు పెద్ద స్టీమర్ పోయింది, అల వస్తున్నది, జర ఆగుమని."

నేనూ సీల్‌తోనే అన్నాను. "నాకూ కళ్లున్నాయని ఆయనకి చెప్పు."

"పడవ మూతి అలకు ఎదురు పెట్టాలె, లేకుంటే బోర్ల పడ్తమని చెప్పు."

"చుక్కాని ఆయన కాళ్ల కిందే ఉందని చెప్పు."

సీల్ ఆయన్ని చూసింది, నన్ను చూసింది. అల వచ్చింది. పడవ మూతి పైకి లేచి దబ్బున కిందపడింది. నాకు ఈత రాదు. ఆయనకీ రాదు. వెనక నుంచి సన్నగా "ఒకటి, రెండు, ఒకటి, రెండు" అని వినిపించింది, దివాన్ మంచం మీది లెక్కే. ఆ లెక్కకి నా చేతులు వాటంతటవే కదిలాయి. రెండో అల, మూడో అల దాటాం. తిరిగి చూస్తే సీల్ మునిగిపోయింది. మధ్యవర్తి పోయాక మళ్లీ ఎవరి నోరు వాళ్లం మూసుకున్నాం.

ఒడ్డుకి చేరి, తెచ్చుకున్న చపాతీలు తిని, మంచు ఎక్కడం మొదలెట్టాం. బూట్ల కింద ఇనుప పళ్లు బిగించారు. అందరినీ ఒకే తాడుకి కట్టారు: గైడు, తర్వాత నేను, నా వెనక ఆయన, ఆయన వెనక ఆడవాళ్లు. ఎవరైనా జారితే మిగతావాళ్లు వెంటనే కింద కూర్చుని మడమలు మంచులో తన్నిపెట్టాలి, ఆలోచించకూడదు అని గైడు చెప్పింది. ఆ అమ్మాయి పదే పదే చెప్పింది కాబట్టి తలలూపాం.

ఆ మంచు తెల్లగా ఉండదు, నీలంగా ఉంటుంది. లోపలెక్కడో నీళ్లు పోతున్న చప్పుడు. ఒకచోట పైన మంచు గోడ నుంచి చుక్కచుక్కగా కారుతోంది. "పైనున్నవాళ్లు పైపు పెట్టించలేదనుకుంటా," అని గైడుతో గట్టిగానే అన్నాను. ఆ పిల్లకి అర్థం కాలేదు. "ఇక్కడ కూడా మొదలెట్టారా," అంది మా ఆవిడ వెనక నుంచి.

నాలుగడుగులు వేశానో లేదో, కాలి కింద మంచు చప్పున దిగింది. ఒక కాలు తొడ దాకా పగుల్లోకి పోయింది. కింద పాదానికి ఏమీ తగల్లేదు. అంతే, నడుం దగ్గర తాడు బిర్రుగా బిగిసి నేను ఆగిపోయాను.

ప్రమాదం పెద్దదేం కాదట, గైడు తర్వాత చెప్పింది. చెయ్యి పట్టి లాగితే బయటికొచ్చేశాను. తిరిగి చూశాను. ఆయన మంచు మీద చతికిలబడి ఉన్నాడు. మడమలు పాతేసి, తాడు రెండు చేతులకీ చుట్టేసి, కళ్లు గట్టిగా మూసుకుని ఉన్నాడు. అయిపోయింది, లేవచ్చు అంది గైడు. లేవలేదు. తాడూ వదల్లేదు. కళ్లు తెరిచి నేరుగా నన్ను చూశాడు.

"కండ్లు యాడ పెట్టి నడుస్తున్నవ్‌ర నువ్వు?"

ఏడాది తర్వాత మొదటి మాట. నేను నమ్మలేక, "నాతోనేనా?" అన్నాను.

"ఇంకెవనితోని? పెండ్లి పెట్టుకొని కాలు ఇరగ్గొట్టుకుంటవా?"

నాకు ఎక్కడలేని కోపం వచ్చింది. "పెళ్లి మీది. నా కాలుతో మీకేం పని? వాచ్‌మన్‌కి కార్డిచ్చారు. ఇస్త్రీ అతనికిచ్చారు. నా కళ్లముందే టీ కొట్టు భాయ్‌కిచ్చారు. నేనే కనబడలేదా మీకు?"

"పీటల మీద కూసునేటోనికి కార్డిస్తరా ఎవలన్న?"

చేతికి తాడు ఇంకో చుట్టు చుట్టుకున్నాడు.

"కన్యాదానం మీ ఇద్దరి చేతుల మీద జరగాలె," అన్నాడాయన, నా వైపు కాకుండా తాడు వైపు చూస్తూ. "పంతులుకు ఎప్పుడో చెప్పిన. నీకు నేనే చెప్త, మీరెవ్వరు నోరు ఇప్పొద్దని వీళ్లకన్న. ఎట్ల చెప్పాలె? నువ్వు మొకమే చూడకపోతివి."

ఆడవాళ్లిద్దరినీ చూశాను. ఇద్దరూ మంచుని చూస్తున్నారు. నాకు ఏడుపొచ్చింది. చలికి కాదు. మా ఇంట్లో పెళ్లి పీటలు వేసే రోజు రాదని ఎప్పుడో ఒప్పేసుకున్నవాణ్ణి నేను. ఆయనకి కన్న కూతురు ఒక్కతే. ఆ ఒక్కదాన్ని ధారపోసే పీట తను వదులుకుని మాకిచ్చి, ఆ సంగతి చెప్పడానికి నోరు రాక, ఊరంతా కార్డులు పంచుకుంటూ తిరిగాడు.

"ముందు ఆ ఏసీకి పైపు పెట్టించండి, అన్నయ్యగారూ," అన్నాను.

"పెట్టిస్త తియ్యి, తమ్మీ," అన్నాడు, అప్పుడు తాడు వదిలి.

ఏమైందని గైడు అడిగింది. పెళ్లి పిలుపు అని మా ఆవిడ వచ్చీరాని ఇంగ్లీషులో చెప్పింది. ఆ పిల్ల అందరికీ కంగ్రాట్స్ చెప్పి, జాగ్రత్తగా నడవమంది.

శ్రావణంలో పంజాగుట్ట ఫంక్షన్ హాల్లో పెళ్లి. పైపు పెట్టించలేదు, ఇప్పటికీ పెట్టించలేదు. నేనూ మా ఆవిడా పీటల మీద కూర్చున్నాం. పిల్ల చెయ్యి పట్టుకోమన్నారు, పట్టుకున్నాను. మా ఆవిడ చెంబుతో నీళ్లు ధారగా పోస్తుంటే పిల్ల మొహమే చూస్తూ చేతులు పక్కకి జరిపేశాను. నీళ్లు చిందాయి. పక్కన నిలబడ్డ ఆయన కొత్త పంచె మోకాళ్ల దాకా తడిసింది. నేను తలెత్తి చూశాను.

"కానీ తమ్మీ," అన్నాడు, కళ్లు తుడుచుకుంటూ. "రెండు చుక్కలకేమైతది?"