జేబులు చూడని లాండ్రీ

మా అత్త తన నీడను కూడా నమ్మదు. తన తమ్ముణ్ణి, అంటే మా నాన్నను, పోలీసులు తీసుకెళ్ళిన దగ్గర్నుంచీ ఆ జబ్బు మరీ ముదిరింది. ఆయన బతికున్నాడో లేదో రెండేళ్ళుగా కబురు లేదు. అడగడానికి వెళ్తే అడిగినవాళ్ళ పేరు కూడా రాసుకుంటారు.

అత్తది లాండ్రీ షాపు. జేబుల్లో ఏ కాగితం దొరికినా సాయంత్రంలోగా ఠాణాలో అప్పగించాలని హుకుం. అప్పగిస్తే ఎవరి కొంపో మునుగుతుంది, దాచితే మన కొంప. అందుకని అత్త జేబులు తడమకుండా బట్టల్ని నేరుగా సోడా వేసిన మరుగునీళ్ళలో పడేసేది. తనిఖీకి వచ్చినవాళ్ళకు గుప్పెడు కాగితపు ముద్ద చూపించి, "చూపు ఆనడం లేదు బాబూ" అనేది. సూదిలో దారం నాకంటే ముందు ఎక్కిస్తుంది, మహాతల్లి.

మొన్న వేసవిలో ఒక కొత్త మనిషి తెల్లచొక్కా ఇచ్చి, వెళ్తూ వెళ్తూ, "జేబు ఒకసారి చూసుకోండమ్మా" అన్నాడు.

ఆ మాట మా షాపులో ఎవరూ అనరు.

"వీడు వాళ్ళ మనిషే. మనల్ని పరీక్షించడానికొచ్చాడు," అంది అత్త.

"ఒక్కసారి చూద్దాం అత్తా."

"నీకేమైనా మతిపోయిందా? ఆ బూట్లు చూశావా, ఎంత కొత్తవో."

చొక్కా నా చేతిలోంచి లాక్కుని గంగాళంలోకి తోసి, కర్రతో అదిమి పట్టుకుంది.

నాలుగో రోజు అతను మళ్ళీ వచ్చాడు. షాపులో ఇంకెవరూ లేరని చూసుకుని, "చదివారా?" అన్నాడు.

"మేం జేబులు చూడం," అంది అత్త.

అతను గంగాళం వైపు, తర్వాత తన బూట్లనే చూస్తున్న అత్త వైపు చూశాడు. "అది మీ తమ్ముడు రాసిన ఉత్తరమమ్మా. జైల్లో ఇద్దరం ఒకే గదిలో ఉండేవాళ్ళం. నన్ను పోయిన వారమే వదిలారు. ఈ బూట్లు కూడా వాళ్ళిచ్చినవే."

నాకు ప్రాణం లేచొచ్చింది. నాన్న ఎలా ఉన్నాడని అడగబోతే అత్త బల్ల కింద నా కాలు తొక్కింది.

"నాకు తమ్ముడు లేడు," అంది.

అతను చొక్కా తీసుకోకుండానే వెళ్ళిపోయాడు. వీధి చివరిదాకా పరుగెత్తాను, కనబడలేదు.

అత్తతో నెల్లాళ్ళు మాట్లాడలేదు. కోపం ఇంకా ఉంది. అతను వాళ్ళ మనిషేనని ఆవిడ ఇప్పటికీ వాదిస్తుంది. ఆ చొక్కాను మాత్రం ఎవరినీ ముట్టనివ్వదు. పొద్దున్నే షాపు తెరవగానే దాన్ని దించి, జేబులోకి వేళ్ళు పోనిచ్చి మూలమూలా తడిమి, మళ్ళీ ఇస్త్రీ చేసి తగిలిస్తుంది.