మహానంది రీలు

దయ్యాల కబుర్లు చెప్పేవాళ్లంటే నాకు మొదటినుంచీ ఒళ్లుమంట. ఈ సంగతి కూడా నా కళ్లతో చూడకపోతే నేనే నమ్మేదాన్ని కాదు.

యాభైల్లో మాట. మేము కర్నూలులో ఉండేవాళ్లం. ఫొటో తీయించుకుంటే ఆయుష్షు తగ్గుతుందని మా అమ్మ ఒక్క ఫొటో కూడా తీయించుకోలేదు. మద్రాసులో చదివిన మా మేనమామ మాత్రం కొత్తగా కొన్న సినిమా కెమెరాతో మహానందిలో ఆమెకు చెప్పకుండా రీలు తీశాడు. స్నానం చేసి తల తుడుచుకుంటూ ఇటు తిరిగి నవ్విందని చెప్పేవాడు. వేసి చూపే మిషను లేక మేమెవరమూ చూడలేదు.

మరుసటేడు అమ్మ పోయింది. మాలో తల్లి బంగారం కూతురిది. అమ్మ హారం నాకు రావాలి. మా మేనత్త దాన్ని తన దగ్గరే పెట్టుకుని అడ్డం పడింది. అది తనదేనట, అమ్మ జబ్బుపడ్డాక ముచ్చటపడితే మెడలో వేసిందట. అంతకు ముందే, మహానందిలోనే అమ్మ మెడలో ఆ హారం ఉందని మామ అన్నాడు. సరే, రీలు చూసి తేల్చుకుందామన్నారు.

సంవత్సరీకం నాడు మామ ఎవరి దగ్గరో మిషను అడిగి తెచ్చాడు. మధ్యాహ్నం కిటికీలకు కంబళ్లు కట్టి, గోడకు తెల్ల పంచె కట్టాడు. చుట్టాలంతా విస్తట్లో వడలు చేత్తో పట్టుకునే వచ్చి కూర్చున్నారు.

అమ్మ కనబడింది. హారం ఉంది.

"అది హారమా, పసుపుతాడా? ఏం తెలుస్తాండాది ఈడ? ఇంగోసారి తిప్పప్పా," అంది అత్త.

రెండోసారి ఆమె లేచి వెళ్లి, నూనె వేలితో పంచె మీద అమ్మ మెడను తడిమింది. అక్కడ మరక పడింది. సంతలో గొడ్డును చూసినట్టు చూస్తున్నారు మా అమ్మను. ఛీ, ఏం మనుషులు!

"ఇంగొక్కసారి," అంది అత్త.

మూడోసారి అమ్మ తల తుడుచుకుంది. ఇటు తిరిగింది. పమిట లాగి మెడ చుట్టూ కప్పుకుంది. ఆ కొంగుతోనే ముఖం కూడా దాచుకుంది.

నములుతున్న నోళ్లన్నీ ఆగిపోయాయి. "ఇది వేరే రీలు కదప్పా?" అంది అత్త. మామ దగ్గర ఉన్నదే అదొక్కటి. తర్వాత దాన్ని వెలుతురులో పెట్టి, ఒక్కో బొమ్మా భూతద్దంతో చూశాడు. ఎక్కడా ముఖం లేదు.

మర్నాడే అత్త హారం పంపించేసింది. నేను ఒక్కసారి కూడా వేసుకోలేదు.

అదెలా జరిగిందో ఇప్పటికీ నాకు అంతుపట్టలేదు. అత్తను తిట్టుకోని రోజు లేదు. కానీ నిజం చెప్పాలి. మొదటి రెండుసార్లూ అమ్మ నవ్వే ఉంటుంది. నేను కూడా మెడే చూశాను.