వాషింగ్ మెషీన్ ప్లగ్గు దగ్గర తడి చెయ్యి

దయ్యాల మాట ఎత్తితే నాకు భయం వెయ్యదు, ఒళ్ళు మండుతుంది. పాలిటెక్నిక్‌లో ఎలక్ట్రికల్ చదివినదాన్ని. పెళ్ళయ్యాక ఆ చదువు మిక్సీ బాగుచేసుకోవడానికి తప్ప పనికిరాలేదు, అది వేరే సంగతి. కానీ నిమ్మకాయ కడితే కరెంటు బెదిరి పారిపోతుందనుకునే వాళ్ళను చూస్తే ఇప్పటికీ నవ్వాగదు.

వర్తూరులో మేం అద్దెకు దిగిన పోర్షన్‌లో సరిగ్గా అదే చేశారు. వంటింటి వెనక, వాషింగ్ మెషీన్ ప్లగ్గు పైన మేకు కొట్టి నిమ్మకాయలు వేలాడదీశారు. మెషీన్ ముట్టుకుంటే జివ్వుమనేది. ఓనరమ్మకు చెబితే గొంతు తగ్గించింది.

"మా అత్తేనమ్మా. గుడ్డలు ఉతుకుతా ఆడ్నే పోయింది. ఇంకా ఆడ్నే ఉండాది. పూజ చేయించినాము, నువ్వేం దిగులుపడొద్దు."

ఎలా పోయిందని అడిగాను. అదే ప్లగ్గు దగ్గర షాక్ కొట్టిందట. అయ్యో రామ! మనిషిని మింగిన ప్లగ్గును బాగుచేయించకుండా దానికి దిష్టి తీయించిన మహానుభావులు వీళ్ళు.

నా దిగులు మా పాప గురించి. అప్పుడే గోడలు పట్టుకుని నడుస్తోంది. దాని కన్నంతా ఆ మెషీన్ మీదే. తప్పటడుగులతో దాని దగ్గరికి పోయేది, చెయ్యి అందే దూరంలో టక్కున ఆగిపోయేది. ఎత్తుకొచ్చి చూస్తే గౌను వెనక అంచు తడిసి, గుప్పిట్లో పట్టినట్టు నలిగి ఉండేది. నీళ్ళు వాడే చోటు కదా అని గౌను మార్చేదాన్ని. "బిడ్డకి అగుపిస్తా ఉండాదమ్మా" అనేది ఓనరమ్మ. ఆవిడ తెలివికి దండం పెట్టాలి.

ఒక మధ్యాహ్నం పాపను ఉయ్యాల్లో పడుకోబెట్టి నా పాత మల్టీమీటర్ తీశాను. చేతులు తుడుచుకుని, రబ్బరు చెప్పులు వేసుకుని, మీటర్ పనిచేస్తోందా అని ముందు వంటింటి ప్లగ్గులో చూసుకున్నాను. తర్వాత మెషీన్ ప్లగ్గు. లైనుకూ న్యూట్రల్‌కూ మధ్య రెండొందల ముప్పై వోల్టులు. లైనుకూ ఎర్త్‌కూ మధ్య కూడా ఇంచుమించు అంతే రావాలి. ఏమీ రాలేదు. అంటే ఎర్తే లేదు, మెషీన్‌లో లీకైన కరెంటు ముట్టుకున్నవాళ్ళ ఒంట్లోకే పోతుంది. ఇదీ వాళ్ళ అత్తగారి దయ్యం! ఒక్కదాన్నే పకపకా నవ్వాను.

మెయిన్ ఆపేశాను. మళ్ళీ మీటర్ పెట్టాను, సున్నా. ప్లగ్గు మూత విప్పి లోపలి వైరు లాగబోయాను.

ఎవరో నా మణికట్టు పట్టుకున్నారు.

తడి చెయ్యి. సబ్బు వాసన. గాజులు నా ఎముకకు ఒత్తుకున్నాయి. వెనక్కి ఒక్క లాగు లాగేసరికి కింద కూలబడ్డాను. చూస్తే ఎవరూ లేరు. బోరు పాడై పొద్దుటినుంచి కొళాయిలో చుక్క నీళ్ళు లేవు. నా కుర్తా చెయ్యి మాత్రం మోచేతిదాకా తడిసి కారుతోంది.

పాప ఏడుపు విని హాల్లోకి పరుగెత్తాను. మెయిన్ ఆపినా అక్కడ ఫ్యాను తిరుగుతోంది. అది కరెంటు పోయినా బ్యాటరీతో నడిచే యూపీఎస్ లైను. నా చేతిలో ఇంకా మీటర్ ఉంది. ఆ ఫ్యాను కింద, అదే లైను మీదున్న ప్లగ్గులో పెట్టాను. సున్నా! అంతకుముందు పనిచేసిన మీటర్ వైరు ఈలోగా లోపల తెగిపోయింది. టెస్టర్ తెచ్చి మెషీన్ ప్లగ్గులో పెడితే ఎర్రగా వెలిగింది. వైరింగ్ చేసిన మేధావి దానికీ యూపీఎస్ లైనే కలిపాడు. ఆ వైరునే నేను వేళ్ళతో పట్టుకోబోయాను. పాపను గుండెకు అదుముకుని, ముందు యూపీఎస్ స్విచ్ ఆపేశాను.

మర్నాడు నేనే మనిషిని పిలిపించి ఆ లైను తీయించి, ఎర్త్ వేయించాను. నిమ్మకాయలు పీకి ఓనరమ్మ చేతిలో పెట్టాను.

"ఆడలేక మద్దెల ఓడన్నట్టు, మీ వైరింగు చంపిన మనిషి మీదే నింద వేస్తారా?"

"అట్లనొద్దమ్మా" అంటూ ఆవిడ కళ్ళనీళ్ళతో కొంగు నోటికడ్డం పెట్టుకుంది. ఆ కన్నీళ్ళు చూసినా నాకు జాలి కలగలేదు.

నా చెయ్యి పట్టుకున్నదెవరో నాకు తెలియదు. నేను చదివిన చదువులో దానికి జవాబు లేదు. దయ్యాలున్నాయని ఇప్పటికీ ఒప్పుకోను.

పాప ఇప్పుడు నేరుగా పోయి మెషీన్‌ను రెండు చేతులతో బాదుతుంది, ఎక్కడా ఆగదు. నేను వెనకనుంచి దాని గౌను అంచు తడిమి చూస్తుంటాను. పొడిగానే ఉంటుంది.