మాస్టారు గీసిన జనం

మొన్న ఆదివారం అరసవల్లిలో దర్శనం చేసుకుని టిఫిన్ సెంటర్లో కూర్చున్నాను. పక్క బల్ల దగ్గర ఓ పాప ఫోనులో కార్టూన్ చూస్తోంది. అందులోంచి చప్పట్లు వినిపించాయి. ఇడ్లీ ప్లేటు పక్కకి జరిపేశాను. క్రూరుడైన రాజును ఎగిరే వీరుడు ఒంటిచేత్తో మట్టికరిపిస్తే కోట ముందు జనం కొట్టే చప్పట్లవి. వాళ్లను అక్కడ అలా నిలబెట్టింది నేనే. అసలు వాళ్లు చప్పట్లు కొట్టడానికి వచ్చినవాళ్లు కారు. కోట తలుపులు బద్దలుకొట్టడానికి వచ్చినట్టు గీశారు మా సింహాచలం మాస్టారు.

విజయనగరంలో మా యానిమేషన్ స్టూడియోకి ఆయనే పెద్దదిక్కు. ఆయన కింద మేం తొమ్మిదిమందిమి. మా పనిలో ఓ సులువుంది. ఆరుగురిని గీసి, బట్టల రంగులు మార్చి అతికించుకుంటూ పోతే వెయ్యిమంది తయారవుతారు. అందరూ చేసేదదే. ఆ మాటెత్తితే చాలు, మాస్టారికి ఒళ్లంతా కారం రాసుకున్నట్టుండేది. మమ్మల్ని శృంగవరపుకోట సంతకు తీసుకెళ్లి నడిచేవాళ్ల కాళ్లు గీయమనేవారు.

"జనవంటే ఏటనుకున్నారు? ఒకడు కోపంతో వస్తాడు, ఒకడు పక్కోడిని సూసి వస్తాడు. ముందడుగేసినోడి కాళ్లు వణుకుతాయి. వణక్కుండా గీసేరా, అది అబద్దం బొమ్మ" అనేవారు.

ఆ పాప చూసిన ఎపిసోడ్‌లోనే, మాస్టారు మొదట గీసినదాంట్లో వీరుడు రాజు చెరలో ఉంటాడు, జనమే వెళ్లి విడిపిస్తారు. మూడువందల మంది. ఏ ఇద్దరూ ఒకేలా నడవరు. నాలుగు నెలలు పట్టింది. నాకు గీత పట్టుబడింది ఆ నాలుగు నెలల్లోనే.

అది చూసి యజమాని మొహం చిట్లించారు. "వీరుడు బందీ అయిపోతే వాడి ప్లాస్టిక్ బొమ్మ ఏ పిల్లాడు కొంటాడండీ? తీసేయండి" అన్నారు. మాస్టారు మమ్మల్ని టీ బడ్డీ దగ్గర పోగేసి, మార్చేది లేదని అందరం కలిసి చెబుదామన్నారు. సరేనన్నాం. అందరికన్నా గట్టిగా అన్నది నేనే.

మర్నాడు యజమాని మమ్మల్ని కూర్చోబెట్టి, "మార్చడం ఇష్టం లేనివాళ్లు లేవండి" అన్నారు. మాస్టారు లేచారు. తలెత్తే ధైర్యం లేక ఆయన కాళ్లకేసి చూశాను. వణుకుతున్నాయి. ఇంకో కుర్చీ కదల్లేదు. ఈ పని పోతే ఇంకెక్కడా దొరకదని నా భయం. ఆయన ఒకసారి మా వైపు చూసి, పెన్సిళ్ల డబ్బా పట్టుకుని వెళ్లిపోయారు. జనాన్ని తీసేసే పని యజమాని నాకే అప్పగించారు. టీ చల్లారేలోపు మూడువందల మందీ పోయారు. వాళ్ల చోట ఆరుగురిని గీసి వెయ్యిమందిని చేశాను.

నెల తిరిగాక ఆయన్ని వెతుక్కుంటూ శ్రీముఖలింగం వెళ్లాను. బడి గోడ మీద గుణింతం రాస్తున్నారు. "తప్పయిపోయింది మాస్టారూ" అని ఏడ్చేశాను.

"ఏడవకమ్మా. మీరు లేవరని నాకు ముందే తెల్సు. సిన్నప్పట్నుంచీ సూస్తన్నాను, ఎవులూ లేవరు. బొమ్మలోనైనా లేస్తారని గీసేను" అన్నారు.

నాలుగు తిట్లు తిట్టి ఉంటే బతికిపోయేదాన్ని.

ఆ ఏడాదే ఆయన పోయారు. ఆయన కుర్చీలో ఇప్పుడు నేను కూర్చుంటున్నాను. నా గీత బాగుంటుందని పేరు. ఆ గీత ఆయనదే. ఆయన నేర్పింది నా చేతికి వచ్చింది గానీ వెన్నుకి రాలేదు.

పోయిన వారం మీటింగులో కొత్తగా చేరిన అమ్మాయి ఒకతె లేచింది. జ్వరంతో రాలేకపోయిన కుర్రాణ్ణి పనిలోంచి తీసేయడం అన్యాయమంది. యజమాని గదంతా కలయజూసి, "ఇంకెవరైనా ఉన్నారా?" అన్నారు. ఆ పిల్ల నా వైపే చూసింది.

నేను తల దించుకుని నోటు పుస్తకంలో తేదీ వేసుకున్నాను.