పచ్చ చార్టు, అడుగు పొరలో ఖాళీ

2014. శ్రీకాకుళంలో ఓ కంటి ఆసుపత్రిలో ఓసీటీ మిషన్ నడిపేదాన్ని. కంటి వెనక రెటీనాని నిలువునా కోసి చూపించినట్టు, కత్తి పెట్టకుండానే ఫొటో తీస్తుందది. రెటీనా మందం సరిపోతే రంగుల చార్టు పచ్చగా వస్తుంది. పచ్చగా వస్తే పంపెయ్యడమే మా అలవాటు.

కోటబొమ్మాళి నుంచి పార్వతి వచ్చింది, బట్టలు కుట్టే మనిషి. వెంట అత్త.

"సూదిలో దారం ఎక్కట్లేదు మేడమ్. ఏటి సూసినా సరిగ్గా మధ్యన మచ్చ అడ్డొస్తన్నాది."

అత్త మూతి తిప్పింది. "అంతా నాటకమమ్మా! కుట్టు మిషన్ తొక్కడానికి ఒళ్ళొంగక."

చార్టు పచ్చగానే వచ్చింది. పెద్ద డాక్టరుగారు ఓ చూపు చూసి, "నార్మల్, పంపెయ్" అన్నారు.

పార్వతి కుర్చీలోంచి లేవలేదు. "నాను అబద్ధం సెప్తన్నానని రాసి సంతకం పెట్టండి. అప్పుడెల్తాను."

అబ్బ, ఏం మనిషి! నాకూ మొండితనం వచ్చేసింది. "సార్, చార్టు కాదు, అసలు ఫొటో చూస్తాను."

"నువ్వు డాక్టరువా?"

"కాను సార్. ఫొటో తీసిందాన్ని."

రెటీనాలో నరాల కణాలు పొరలు పొరలుగా ఉంటాయి. పైన మెదడుకి కబురు పంపే గాంగ్లియన్ కణాలు, మధ్యలో ఆ కబురు అందించే బైపోలార్ కణాలు, వాటి అడుగున వెలుగుని పట్టే ఫొటోరిసెప్టర్లు. నడిమధ్యన మాత్రం పై పొరలు పక్కకి తప్పుకుని వెలుగుకి దారిస్తాయి. సూది బెజ్జం కనబడేది అక్కడే. ఒక్కో ఫొటో జరుపుతూ సరిగ్గా అక్కడ ఆగాను. అడుగు పొర గీత సన్నగా తెగి ఉంది. రెండు కళ్ళలోనూ అంతే. అంత సన్న తెగుకి మొత్తం మందం తగ్గదు, అందుకే చార్టు పచ్చగా వచ్చింది.

"ఇలా తెగేది ఎండని తేరిపార చూసినవాళ్ళకి. సూర్యుణ్ణి గాని చూశావా అమ్మా?" అని అడిగాను.

పార్వతి తలొంచుకుంది. "అరసవల్లి సామికి మొక్కుకున్నాను. ఏడు ఆదివారాలు రెప్పెయ్యకుండా సూసినాను. అలా సూడమని ఎవులూ సెప్పలేదు, నానే అనుకున్నాను."

"ఏం మొక్కు?"

"అత్తకి సూపు రావాలని. మొన్న ఆపరేషనైంది, వచ్చింది."

డాక్టరుగారు దగ్గరికొచ్చి ఫొటో చూసి, రిపోర్టు మార్చి రాశారు. దీనికి మందు లేదని, నెలలు గడిస్తే కొంత తగ్గొచ్చని, మళ్ళీ సూర్యుణ్ణి చూడొద్దని చెప్పారు. జాలిగా ఇంకేదో చెప్పబోయారు గానీ పార్వతి వినిపించుకోలేదు. అత్త భుజం పట్టుకుని స్క్రీన్ ముందుకి లాగింది.

"సూడత్తా, ఆ తెగింది సూడు. నీకిప్పుడు బాగా కనబడతాది కదా."

అత్త చూసింది. కొంగు నోట్లో కుక్కుకుని ఏడ్చింది.

ఆ రోజు నుంచి చార్టు ఎంత పచ్చగా వచ్చినా సరే, మనిషి కుర్చీలోంచి లేవకపోతే నేనూ లేవను. ఎవరు కోప్పడినా సరే.