నాయనకు పెట్టిన చీర

మా అవ్వ పోయిన శుక్రవారం ఎమ్మిగనూరులో మా ఇంట్లోనే కన్నుమూసింది. మా ఇంటాయనకు నాయనమ్మ. కాఫీ తీసుకుని లేపడానికి వెళ్లింది నేనే. నిద్రలో కూడా కొంగు భుజం మీద నుంచి జారలేదు.

నేను పెద్దగా చదువుకోలేదు. నలుగురిలో నోరు తెరవాలంటే సిగ్గు. కానీ అవ్వ సంగతి ఇంట్లో ఇంకెవరూ చెప్పేలా లేరు.

పెళ్లయిన కొత్తలో నాకు చీర నిలిచేది కాదు. అవ్వ గదిలోకి పిలిచి తలుపు వేసింది. "ఊపిరి లోపలికి తీస్కోని దోపు మ్మే. నడిచేటప్పుడు కాళ్లు గాదు, కుచ్చిళ్లు ముందు పోవల్ల" అంది. ఎవరు నేర్పారని అడిగితే "మా నాయన" అనేసి, చప్పున నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది.

తర్వాత కొంచెం కొంచెంగా చెప్పింది. వాళ్ల నాయనది గూడూరు. మగ్గం నేసేవాడు. సన్నటి మనిషి కావడంతో నాటకాల్లో ఆడవేషాలు ఇచ్చేవారు. అది చూసి ఆదోని పత్తి వ్యాపారి ఒకాయన రైలెక్కించి బొంబాయి పంపాడట. అప్పట్లో సినిమా బొమ్మలకు మాటలు లేవు. నటించడానికి ఆడవాళ్లు జంకేవారు. రాణి వెనక చెలికత్తెగా నిలబడ్డాడు. ఒక బొమ్మలో మాత్రం బిడ్డ కోసం ఏడ్చే తల్లి. అది ఆదోని సినిమా డేరాకు వచ్చినప్పుడు జనంలో కూర్చుని చూశాడట. పక్కనున్నాయన కళ్లు తుడుచుకుంటూ "పాపం, ఆ తల్లి" అన్నాడట. ఆ తల్లి తనేనని ఈయన చెప్పలేదు.

బొమ్మలకు మాటలొచ్చాయి, ఆడవాళ్లూ వచ్చారు. ఆయన ఊరికి తిరిగొచ్చి, మీసం పెంచి, మగ్గం ముందు కూర్చున్నాడు. వీధిలో 'ఆడేషపోడు' అన్న పేరు మాత్రం పోలేదు. తల్లి లేని అవ్వకు మొదటి చీర కట్టింది ఆయనే. ఆమె పెళ్లిలో పీటల మీద పెదనాయన దంపతులు కూర్చుంటే, ఆయన పందిట్లో వెనక ఎక్కడో ఉండిపోయాడు.

ఒకసారి కూతుర్ని చూడటానికి ఈ ఇంటికొచ్చాడు. అరుగు మీది ఆడవాళ్లు "ఎవురమ్మే ఆయప్ప?" అని అడిగారు. అవ్వ "మా ఊరాయప్ప" అంది. ఆయన విన్నాడు. ఇచ్చిన నీళ్లు తాగి "పోయొస్తా తల్లీ" అని లేచాడు. మళ్లీ రాలేదు.

"ఆ మాట తల్సుకుంటే ఇప్పటికీ ముద్ద దిగదు మ్మే" అనేది అవ్వ.

పెద్దల అమావాస్య నాడు మేం పోయినవాళ్లకు కొత్తబట్టలు పెట్టి మొక్కుతాం. మగవాళ్లకు పంచె, ఆడవాళ్లకు చీర. నిరుడు అవ్వ నాతో పెద్ద అంచు చీర ఒకటి తెప్పించి అందరి ముందూ పెట్టింది.

"ఇదెవురికత్తా?" అని మా అత్త అడిగింది.

"మా నాయనకు."

"మగోనికి సీరేంది? మీసాలు పెట్టుకోని కట్టుకుంటాడా?"

ఇల్లంతా నవ్వింది. నేను తల దించుకున్నాను. అవ్వ గోడ పట్టుకుని లేచింది.

"కట్టుకుంటాడు. నా కన్నా బాగ కట్టుకుంటాడు. ఆడేషం కట్టినాడు మా నాయన, బొంబాయి బొమ్మల్లో. ఈడికొస్తే ఊరాయప్ప అని సెప్పినా. సిగ్గుమాలిన పని జేసింది ఆయప్ప గాదు, నేను."

చెప్పేశాక కూడా అవ్వ ముఖం తేటపడలేదు. ఆ పూట అన్నం ముందు కూర్చుని లేచిపోయింది.

పెట్టిన బట్టలు ఇంట్లోవాళ్లే కట్టుకోవాలి. ఆ చీర ఎవరూ ముట్టలేదు.

శుక్రవారం స్నానం చేయించాక ఆడవాళ్లు "ఏ సీర కడదాం?" అన్నారు. నేను పెట్టెలోంచి తెచ్చాను. "ఇది. వాళ్ల నాయనది" అన్నాను. నా గొంతు వాకిలి దాకా వినిపించింది.

ఊపిరి లోపలికి తీసుకుని దోపమనేది అవ్వ. ఆమెలో ఊపిరి లేదు. నేనే బిగబట్టి దోపాను.

పాడె వాకిలి దాటేటప్పుడు, ఆమె కాళ్ల మీద కుచ్చిళ్లు గాలికి కదిలి, అందరికన్నా ముందు వీధిలోకి వెళ్లాయి.