ఆరోగ్యమ్మ హస్తవాసి

వత్సవాయిలో ఎవరి కాలు మడతపడినా, ఎవరి నడుం పట్టేసినా ముందు వినబడే పేరు ఆరోగ్యమ్మది. ఆవిడ ఎదురుకాళ్ళతో పుట్టింది. అంటే అందరిలా తల ముందు పెట్టి కాక, కాళ్ళు ముందు పెట్టి ఈ లోకంలోకి వచ్చింది. అలా పుట్టినవాళ్ళ కాలు తగిలితే నడుంపట్టు, చెయ్యి తగిలితే బెణుకు పోతాయని చుట్టుపక్కల ఊళ్ళకు నమ్మకం. పుట్టడంలో ఆవిడ చేసిన గొప్ప పనేముందని నవ్వేవాళ్ళు లేకపోలేదు. వాళ్ళే ఏదో ఒక పొద్దున మెడ పట్టేసి, తల ఓ పక్కకు వాల్చుకుని ఆవిడ గుమ్మంలో నిలబడేవాళ్ళు.

పగలంతా పత్తి తీతకో మిరపకాయ కోతకో కూలికి వెళ్ళి, సాయంత్రం ఇంటికొచ్చి కాళ్ళు కడుక్కుని, అరుగు మీద ఆముదం గిన్నె ముందేసుకుని కూర్చునేది. ఎవరి దగ్గరా ఏమీ పుచ్చుకునేది కాదు. పుచ్చుకుంటే చేతి గుణం పోతుందని వాళ్ళమ్మ చెప్పిపోయింది. ‘ఆరోగ్యమ్మ హస్తవాసి మంచిది’ అన్న మాట చెవిన పడితే చాలు, ఆవిడకు ఆ పూట అన్నం లేకపోయినా సరిపోయేది. ఒకరి చేలో వంగి పనిచేసే మనిషికి ఆ చేను ఆసామి వచ్చి ఎదురుగా చెయ్యి చాపి కూర్చోవడం చిన్న సంగతేం కాదు. ఆవిడకున్న ఆస్తంతా అదే. అందుకే ఎవరైనా దాన్ని శంకిస్తే ఊరుకునేది కాదు.

స్టీవెన్ ఆవిడ తమ్ముడి కొడుకు. పరిటాలలో పుట్టి పెరిగినా ప్రతి వేసవికీ మేనత్త దగ్గరికొచ్చి వాలేవాడు, ఏదో ఒకటి బెణికించుకునేవాడు. ఆవిడ తిట్టుకుంటూ రుద్దేది. పెద్దయ్యాక ఆవిడ కూతురు జాయిస్‌ను చేసుకుని వత్సవాయిలోనే ఉండిపోయాడు. తాపీ మేస్త్రి. గోడలకు పూత పూయడంలో జగ్గయ్యపేట దాకా అతనికి పేరుంది. తాపీతో సిమెంటు మాలు తీసి మణికట్టు ఒక్క విసురు విసిరాడంటే, అది వెళ్ళి గోడకు అతుక్కోవలసిందే, ఇంత కూడా కింద రాలదు. కుడిచేతి మణికట్టు విసురులోనే ఉంది అతని బతుకంతా.

పోయిన ఏడాది వేసవిలో జగ్గయ్యపేటలో ఒక ఇంటి పని చేస్తుండగా పరంజా పలక జారింది. పెద్ద ఎత్తేమీ కాదు, మనిషి ఎత్తు ఉంటుందంతే. పడుతూ పడుతూ కుడి అరచెయ్యి నేలకు ఆనించాడు. వాపు కూడా పెద్దగా లేదు. అయినా తోటివాళ్ళు పట్టుబట్టి ఆసుపత్రికి తీసుకెళ్ళారు. కబురందుకుని ఆరోగ్యమ్మ ఆటోలో వెళ్ళేసరికి ఎక్స్‌రే తీయడం అయిపోయింది.

ఆ డాక్టరు కుర్రవాడు. స్టీవెన్ బొటనవేలి మొదట్లో, మణికట్టు పక్కనుండే గుంటలో నొక్కాడు. స్టీవెన్ కెవ్వుమన్నాడు.

“ఫోటోలో విరిగినట్టు కనబడటం లేదండి. కానీ ఈ గుంట కింద ఒక చిన్న ఎముక ఉంటుంది. అది చీలినా కొన్నిసార్లు మొదట్లో కనబడదు. కట్టేస్తున్నా. పది రోజులాగి మళ్ళీ ఫోటో తీద్దాం,” అన్నాడు.

ఆరోగ్యమ్మకు అందులో మొదటి మాట ఒక్కటే వినబడింది.

“నేను గోడకి పూసేది నా చేతికే పూశారే అత్తా,” అని స్టీవెన్ పిండికట్టు చూపించి నవ్వాడు. మూడో రోజుకి ఆ నవ్వు లేదు. ఎండ, చెమట, కట్టు లోపల దురద. చూసి చూసి ఆవిడ మనసు ఆగలేదు.

“విరగలేదని ఫోటోనే చెప్తంటే కట్టెందుకురా? నరం మడతపడింది. రెండు పూటలు రుద్దితే పోయేదానికి!”

“అమ్మా, పది రోజులాగమన్నాడుగా,” అంది జాయిస్.

“ఆ డాక్టరు పుట్టకముందు నించీ చేతులు చూస్తన్నా నేను.”

గోరువెచ్చని నీళ్ళలో చెయ్యి నానబెట్టి, కత్తెరతో కట్టు కోసేసింది. ఆముదం రాసి, బొటనవేలు పట్టుకుని గట్టిగా లాగింది. లోపల టక్కుమంది. స్టీవెన్ కళ్ళలో నీళ్ళు తిరిగాయి. “అదిగో, నరం కూర్చుంది!” అంది ఆరోగ్యమ్మ సంబరంగా. చింతపండూ ఉప్పూ ఉడికించి పట్టు వేసింది. ఇరవై రోజులు రెండు పూటలా రుద్దింది. ఉన్న కాస్త వాపూ తగ్గింది. స్టీవెన్ పనిలోకి వెళ్ళాడు. పదో రోజున జగ్గయ్యపేట వెళ్ళాలన్న మాట ఆ ఇంట్లో మళ్ళీ ఎవరూ ఎత్తలేదు.

నొప్పి మాత్రం పోలేదు. నేల మీద చెయ్యి ఆనించి లేవలేకపోయేవాడు. తడిబట్ట పిండలేకపోయేవాడు. మాలు గోడ దాకా వెళ్ళకుండా కాళ్ళ దగ్గర పడడం మొదలైంది. ఒకరోజు తాపీయే చేతిలోంచి జారిపోయింది. పని పెట్టించే ఆసామి మంచివాడే, పొమ్మనలేదు. గోడలకు నీళ్ళు కొట్టే పని ఇచ్చాడు. స్టీవెన్ ఎడమచేత్తో గొట్టం పట్టుకుని, ఇంకొకరు పూసిన గోడలు తడిపాడు. ఎనిమిది నెలలు గడిచాయి. ఇక ఊరుకోలేక జాయిస్ అతన్ని నందిగామ ఎముకల ఆసుపత్రికి లాక్కెళ్ళింది. ఆరోగ్యమ్మ కూడా బస్సెక్కింది.

అక్కడికి చేతి ఆపరేషన్లు చేసే డాక్టరు వారానికోసారి వస్తాడు. నడివయసు మనిషి. కొత్త ఫోటో వెలుతురుకు పెట్టి చూపించాడు. జీడిపప్పంత ఎముక, మధ్యకు రెండు ముక్కలు. ఈసారి ఆరోగ్యమ్మ కంటికి కూడా కనబడింది.

“దీన్ని స్కాఫాయిడ్ అంటారు. దీనికి రక్తం వేళ్ళ వైపు నించి వెనక్కి వస్తుంది. మధ్యలో విరిగితే ఇవతలి ముక్కకి, అంటే ముంజేతి వైపు దానికి రక్తం అందదు. మొదట్లోనే కదలకుండా ఉంచితే చాలామందికి అతుక్కుంటుంది. కట్టు వేయలేదా?”

“వేశారు సార్.”

“మరి ఎవరు తీశారు?”

ఆరోగ్యమ్మ అర అడుగు ముందుకు వేసింది. తనేనని చెప్పాలనే అనుకుంది.

“నేనే తీసేసుకున్నా సార్. దురదపుట్టి,” అన్నాడు స్టీవెన్, తల దించుకుని.

డాక్టరు అతన్ని చీవాట్లు పెట్టాడు. చదువుకోని వాళ్ళతో ఇదే గొడవన్నాడు. ఆ చీవాట్లన్నీ ఆరోగ్యమ్మకు రావలసినవి. స్టీవెన్ పదో తరగతి పాసయ్యాడు. ఆవిడ గోడకు ఆనుకుని వింటూ నిలబడింది.

ఆపరేషన్ నాడు మూడు గంటలు వరండాలో కూర్చుంది. ప్రార్థన చేద్దామంటే నోట మాట కుదరలేదు. దేవుడికి ఏమని చెప్పుకోవాలి? ఆ టక్కుమన్న చప్పుడే చెవిలో మోగుతోంది. అప్పటిదాకా చీలికగా ఉన్నదాన్ని తనే లాగి రెండు చేసిందా? ఎవరినడిగితే తెలుస్తుంది? తెలిస్తే మాత్రం ఏం చేయగలదు?

డాక్టరు బయటికొచ్చి చెప్పాడు. ముక్కల మధ్య పేరుకున్నదంతా గీకేశారు. నడుం పక్క ఎముకలోంచి కాస్త తీసి అక్కడ నింపారు. తల లేని సన్నటి స్క్రూతో రెండు ముక్కలూ కలిపి బిగించారు. “కానీ రక్తం ఆపడానికి చేతికి కట్టిన పట్టీ వదులు చేసి చూశానమ్మా. ఇవతలి ముక్కలో రక్తం చుక్క కనబడలేదు. మూడు నెలలు చూద్దాం. నా చేతిలో ఉన్నది చేశాను.”

ఆయన చేతిలోనే అంతవరకే ఉంటే, తన చేతిలో ఏముందని ఇన్నేళ్ళూ ఊరిని కూర్చోబెట్టుకుంది? ఆ రోజు నుంచి ఆరోగ్యమ్మ అరుగు మీద కూర్చోవడం మానేసింది.

జనం మానలేదు. పెనుగంచిప్రోలు నుంచి దుర్గాంబ అనే ఆవిడ చెయ్యి వాచిన కూతుర్ని తీసుకుని ఆటోలో వచ్చింది. ఆ పిల్ల బండి మీంచి పడిందట.

“ఫోటో తీయించండమ్మా. కనబడకపోతే పది రోజులాగి మళ్ళీ తీయించండి. నా చేతిలో ఏం లేదు,” అంది ఆరోగ్యమ్మ.

“అంత మాటనకు పిన్నీ. మా ఆయన మెడపట్టు నువ్వు ముట్టుకుంటేగా పోయింది!”

“ఒట్టు, నాకేం తెలీదు. నా అల్లుడి చెయ్యి నేనే పాడు చేశా.”

దుర్గాంబ నవ్వేసింది. పెద్దవాళ్ళు అలాగే తగ్గించి చెప్పుకుంటారంది. చివరికి ఆరోగ్యమ్మ రుద్దననేసరికి ఆ నవ్వు పోయింది. “పేరొచ్చాక తల పొగరు కూడా వస్తదిలే,” అని, వెళ్ళి వేరే ఊళ్ళో ఇంకెవరి చేతో ఆ పిల్లకు రుద్దించింది. ఆ సంగతి తెలిసి ఆరోగ్యమ్మ కుమిలిపోయింది. తను చెడగొట్టినప్పుడు ఊళ్ళో ఒక్కరూ శంకించలేదు, నిజం చెప్పినప్పుడు ఒక్కరూ నమ్మలేదు.

మూడు నెలలు నిండాయి. విజయవాడ పంపి స్కానింగ్ తీయించారు. అతుక్కోలేదు. ఇవతలి ముక్క చచ్చిపోయి పొడి పొడి అవుతోంది. ఇంకా కొన్నాళ్ళాగి, నొప్పి మరీ భరించలేకపోతే మణికట్టు ఎముకలన్నీ కలిపి బిగించేయవచ్చన్నాడు డాక్టరు. నొప్పి పోతుంది. మణికట్టు మాత్రం ఇక వంగదు.

“తాపీ పట్టుకోవచ్చా సార్?” అన్నాడు స్టీవెన్.

“పట్టుకోవచ్చు. విసరలేవు.”

ఇంటికొచ్చాక ఆరోగ్యమ్మ గదిలో మూలన కూలబడింది. ఇన్ని నెలలుగా స్టీవెన్‌తో చెప్పలేకపోయిన మాట అప్పుడు బయటికొచ్చింది.

“నేనేరా నీ చెయ్యి తీసేసింది. కట్టు కోసింది నేను, లాగింది నేను. ఆ డాక్టరు తిడతంటే నోరు మూసుకున్నా. నన్ను తిట్టరా. నీకు దణ్ణం పెడతా, ఒక్క మాటన్నా అను.”

“నిన్నెందుకంటా అత్తా? నేను చిన్నపిల్లోణ్ణా, నువ్వు కోస్తంటే చెయ్యి లాక్కోలేనా? డాక్టరు చెప్పింది నేనూ విన్నా. నీ చెయ్యుండగా మళ్ళీ ఫోటో ఎందుకులే అనుకున్నా.”

ఆ మాటకంటే అతను చెంప మీద కొట్టినా బాగుండేది. ఆవిడ మొహం చీరచెంగులో దాచుకుని వలవలా ఏడ్చింది. స్టీవెన్ వచ్చి పక్కన చాప మీద కూర్చున్నాడు. బిగుసుకుపోయిన ఆ చెయ్యి తెచ్చి ఆవిడ ఒళ్ళో పెట్టాడు.

“నా విసురు మళ్ళీ తెప్పించడం ఇక డాక్టర్ల వల్ల కాదుగా. నువ్వే చూడత్తా.”

ఆరోగ్యమ్మ ఉలిక్కిపడి రెండు చేతులూ వెనక్కి తీసుకుంది. సాయం కోసం కూతురి వైపు చూసింది. ఈ ఇంట్లో మొదటి నుంచీ వద్దన్నది జాయిస్ ఒక్కతే. ఇప్పుడూ వద్దంటుందనుకుంది.

జాయిస్ వంటింట్లోకి వెళ్ళి, ఆముదం వెచ్చచేసి తెచ్చి తల్లి ముందు పెట్టింది.